628 నాటౌట్: ఎ.ఇ.జె. కాలిన్స్ గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

క్రికెట్ రికార్డుల పట్టికలు తిరగేసే అలవాటున్న వాళ్ళకు ఈ పేరు ఎక్కడో ఒకచోట తగిలే ఉంటుంది. పేరు, దాని పక్కన 628 అనే అంకె. పదమూడేళ్ళ కుర్రాడు కొట్టిన పరుగులవి. ఆ కుర్రాడు తర్వాత ఏమయ్యాడు, ఎక్కడ పుట్టాడు, ఎక్కడ పోయాడు అని అడిగేవాళ్ళు తక్కువ. నన్ను ఎప్పటినుంచో పట్టుకున్నది ఆ రెండో సగమే. అందుకే పాఠకులు మళ్ళీ మళ్ళీ అడిగే ప్రశ్నలన్నిటికీ ఒక్కచోట జవాబులు రాస్తున్నాను.

ఎ.ఇ.జె. కాలిన్స్ ఎవరు?

పూర్తి పేరు ఆర్థర్ ఎడ్వర్డ్ జ్యూన్ కాలిన్స్. 1885 ఆగస్టు 18న పుట్టాడు, 1914 నవంబరు 11న యుద్ధంలో చనిపోయాడు. బతికింది ఇరవై తొమ్మిదేళ్ళు. 1899 జూన్‌లో ఇంగ్లాండ్‌లోని బ్రిస్టల్ నగరంలో, తాను చదివే బడిలో జరిగిన మ్యాచ్‌లో 628 పరుగులు చేసి ఔట్ కాకుండా మిగిలాడు. పుస్తకాలకెక్కిన అత్యధిక వ్యక్తిగత స్కోరుగా అది 116 ఏళ్ళు నిలిచింది. పెద్దయ్యాక బ్రిటిష్ సైన్యంలో ఇంజినీర్ల దళంలో అధికారి అయ్యాడు. సెలవు దొరికినప్పుడు క్రికెట్ ఆడేవాడు, డబ్బు కోసం మాత్రం ఎప్పుడూ ఆడలేదు.

అతను భారతదేశంలో పుట్టాడంటారు. నిజమేనా?

నిజమే. పుట్టింది హజారీబాగ్‌లో. అప్పుడది బెంగాల్ ప్రెసిడెన్సీలో ఉండేది, ఇప్పుడు జార్ఖండ్‌లో ఉంది. తండ్రి ఇండియన్ సివిల్ సర్వీసులో జడ్జి.

ఆ రోజుల్లో ఇక్కడ ఉద్యోగం చేసే ఆంగ్లేయులు పిల్లలకు కాస్త ఊహ తెలియగానే చదువు కోసం ఓడ ఎక్కించి ఇంగ్లాండ్ పంపేసేవాళ్ళు. తల్లిదండ్రులు ఒక ఖండంలో, పిల్లలు ఇంకో ఖండంలో. కాలిన్స్ విషయంలో ఆ దూరం కూడా మిగల్లేదు. పెద్ద బడిలో చేరేనాటికే అమ్మా నాన్నా ఇద్దరూ పోయారు. డెవన్ జిల్లాలో టావిస్టాక్ అనే చిన్న పట్టణంలో ఉండే సంరక్షకులే అతని బాగోగులు చూశారు. ఆ 628 గురించి చదివే ప్రతిసారీ నాకు ఇదే గుర్తొస్తుంది. నాలుగు రోజులపాటు బడి బడంతా వచ్చి చూసిన ఆ ఆటను చూడటానికి ఇంట్లోవాళ్ళు లేరు.

క్లిఫ్టన్ కాలేజీ అంటే మన ఇంటర్ కాలేజీ లాంటిదా?

కాదు, అది బడే. ఇంగ్లాండ్‌లో ఫీజు కట్టి చదువుకునే పాత బడులు కొన్ని తమను కాలేజీ అని పిలుచుకుంటాయి. బ్రిస్టల్‌లో క్లిఫ్టన్ అనే పేటలో ఈ బడి 1862లో మొదలైంది. కాలిన్స్ 1897 సెప్టెంబరులో, పన్నెండేళ్ళ వయసులో ఇందులో చేరాడు. సైన్యంలోకి అధికారులను పంపడంలో ఈ బడికి పెద్ద పేరుండేది. మొదటి ప్రపంచ యుద్ధంలో పశ్చిమ రంగాన బ్రిటిష్ సేనలన్నిటికీ నాయకత్వం వహించిన డగ్లస్ హేగ్ ఇక్కడ చదివినవాడే. ఆ పేరు కాలిన్స్ కథలో చివర్లో మళ్ళీ వస్తుంది.

హౌస్ మ్యాచ్ అంటే ఏమిటి?

బడిలోని పిల్లలను కొన్ని 'హౌస్'లుగా విభజిస్తారు. మన బడుల్లోనూ ఎర్ర హౌస్, నీలం హౌస్ అని ఉంటాయి కదా, ఆ పద్ధతి అక్కడినుంచి వచ్చిందే. కాలిన్స్ క్లార్క్స్ హౌస్ పిల్లవాడు. ఎదుటి జట్టు నార్త్ టౌన్. హాస్టల్లో ఉండకుండా ఇంటినుంచి వచ్చి వెళ్ళే పిల్లల హౌస్ అది. ఈ రెండింటి చిన్న పిల్లల జట్ల మధ్య జరిగిన పోటీ ఇది. మామూలుగా అయితే ఆ బడి గోడలు దాటి ఎవరికీ తెలియని ఆట.

మ్యాచ్ జరిగిన మైదానం ఎలాంటిది?

ఈ ప్రశ్నకు సరైన జవాబు తెలియకపోతే 628 అర్థం కాదు, కాబట్టి కొంచెం ఓపిగ్గా చదవండి.

అది బడి ప్రధాన మైదానం కాదు. గత్రీ రోడ్డు పక్కనున్న చిన్న స్థలం. ఒక వైపు బౌండరీ మరీ దగ్గర. రెండో వైపు నేల పల్లంగా దూరం దాకా జారిపోతుంది. ఇలాంటి చోట మామూలు లెక్క పనికిరాదు కాబట్టి స్థలానికి తగ్గ నియమం పెట్టుకున్నారు. దగ్గరి బౌండరీకి కొడితే రెండే పరుగులు. పల్లం వైపు కొడితే బౌండరీ అనేదే లేదు, పరిగెత్తినన్ని పరుగులు.

మన వీధుల్లో ఆడినవాళ్ళకు ఇది కొత్తగా అనిపించదు. ఎదురింటి గోడకు తగిలితే రెండు, కాలవలో పడితే ఒకటి అని టాస్‌కు ముందే ఒప్పందాలు చేసుకున్న చిన్నతనం చాలామందికి ఉంది. ప్రపంచ రికార్డు పుట్టిన చోట కూడా అలాంటి ఒప్పందమే నడిచింది. ఆ స్థలాన్ని ఇప్పుడు 'కాలిన్స్ పీస్' అని పిలుస్తారు. అక్కడ అతని పేరుతో ఫలకం కూడా పెట్టారు.

ఆ నాలుగు రోజుల్లో అసలేం జరిగింది?

1899 జూన్ 22, గురువారం. కాలిన్స్ టాస్ గెలిచి బ్యాటింగ్ తీసుకున్నాడు. మధ్యాహ్నం మూడున్నరకు మొదటి బంతి ఎదుర్కొన్నాడు. సాయంత్రం ఆరుకు ఆట ఆపేసరికి అతని స్కోరు 200. పదమూడేళ్ళ పిల్లవాడు రెండున్నర గంటల్లో డబుల్ సెంచరీ చేశాడంటే అక్కడికే పెద్ద వార్త. కానీ అసలు కథ మొదలు కానేలేదు.

శుక్రవారం కబురు బడంతా పాకింది. చూడటానికి జనం చేరారు. సాయంత్రం ఐదున్నర ప్రాంతంలో అతను 485 దాటాడు. ఆ అంకె ఎందుకు ముఖ్యమో కింద రాస్తాను. ఆట ముగిసేసరికి కాలిన్స్ 509, జట్టు స్కోరు 8 వికెట్లకు 680. ఒక్క రోజులో 309 పరుగులు చేశాడన్నమాట. క్యాచ్‌లు చాలానే జారిపోయాయి, అది దాచాల్సిన విషయం కాదు. అవతల ఫీల్డింగ్ చేసేవాళ్ళూ పిల్లలే, రెండో రోజు కూడా ఎండలో నిలబడినవాళ్ళే.

శని, ఆదివారాలు ఆట లేదు. సోమవారం జూన్ 26న బడివాళ్ళు గంట కూడా నిండకుండా ఆపేశారు. ఆ కాస్త సమయంలోనే కాలిన్స్ 598కి చేరాడు. జట్టు స్కోరు 9 వికెట్లకు 804. మిగిలింది ఆఖరి జోడీ.

27వ తేదీ, మంగళవారం. అవతలి చివర రెడ్‌ఫర్న్ అనే పిల్లవాడు. కాలిన్స్ ఇంకో ముప్పై పరుగులు చేశాడు. అంతలో రెడ్‌ఫర్న్ 13 పరుగుల దగ్గర పాయింట్‌లో క్యాచ్ ఇచ్చాడు. క్లార్క్స్ హౌస్ 836 ఆలౌట్. కాలిన్స్ 628 నాటౌట్. మొత్తం 6 గంటల 50 నిమిషాలు క్రీజులో ఉన్నాడు.

మొదటి బంతి నుంచి చివరి వికెట్ దాకా అవతలి వైపు పదిమంది వచ్చి వెళ్ళారు. ఇవతలి వైపు ఒక్కడే నిలబడ్డాడు.

628 పరుగులు ఎలా వచ్చాయి? విడివిడిగా లెక్క ఉందా?

ఉంది. ఆ లెక్క ముందు పెట్టుకుంటే ఆట కళ్ళ ముందు నడుస్తుంది.

ఒక సిక్సర్, నాలుగు ఐదులు, 31 ఫోర్లు, 33 మూడులు, 146 రెండులు, 87 సింగిళ్ళు. కూడితే సరిగ్గా 628 వస్తుంది, కావాలంటే వేసి చూడండి.

అన్నిటికంటే ముందు కంటపడేది ఆ 146. రెండేసి పరుగుల చొప్పున 292, అంటే స్కోరులో దాదాపు సగం. దగ్గరి గోడ వైపు కొట్టిన దెబ్బలు వీటిలో బోలెడు. మామూలు మైదానంలో నాలుగు వచ్చే దెబ్బకు ఇక్కడ రెండే ఇచ్చారు. 'చిన్న మైదానం కాబట్టి అన్ని పరుగులు వచ్చాయి' అని తీసిపారేసేవాళ్ళు ఈ ఒక్క విషయం చూడాలి. బౌండరీ దగ్గరగా ఉండటం వల్ల అతనికి కలిసొచ్చినదెంతో, పోయిందీ అంతే.

ఇక రెండో వైపు చూడండి. 33 మూడులంటే 99 పరుగులు పరిగెత్తి తీసినవి. ఐదులు కూడా వేస్తే ఇంకో ఇరవై. పల్లం వైపు వెళ్ళిన ప్రతి బంతికీ ఇతను కాళ్ళకు ప్యాడ్లు కట్టుకుని అటూ ఇటూ పరిగెత్తాలి. సగటున గంటకు 92 పరుగులు. జట్టు మొత్తం 836లో అతని వాటా నాలుగింట మూడు వంతులు. మిగతా పదిమందీ, ఎక్స్‌ట్రాలూ కలిపి 208. వేగం సంగతి సరే, నన్ను అబ్బురపరిచేది ఆ పిల్లవాడి ఊపిరి.

అన్ని పరుగుల్లో సిక్సర్ ఒక్కటేనా?

ఇప్పటి లెక్కతో చూస్తే వింతగానే ఉంటుంది. అప్పట్లో ఇంగ్లాండ్‌లో బంతి బౌండరీ గీత మీదుగా వెళ్ళినంత మాత్రాన ఆరు ఇచ్చేవాళ్ళు కాదు. మైదానం మొత్తం దాటి బయట పడితేనే ఆరు. ఇప్పటి పద్ధతి 1910లో వచ్చింది. ఇంకో తేడా కూడా చెప్పాలి. కాలిన్స్ ఆడిన 1899 దాకా ఇంగ్లాండ్‌లో ఓవరుకు ఐదు బంతులే వేసేవాళ్ళు. ఆరు బంతుల ఓవరు మరుసటేడు, 1900లో మొదలైంది.

ఆ స్కోరు కచ్చితమేనా?

స్కోరు రాసినవాళ్ళు ఇద్దరు. వాళ్ళలో ఒకరు తర్వాతి కాలంలో '628, ఓ ఇరవై అటూ ఇటూ అనుకుందాం' అన్నట్టు చెబుతారు. నాకు ఈ మాట ఎంతో ఇష్టం. నాలుగు రోజులపాటు ఎడతెగకుండా పరుగులు వస్తుంటే పెన్సిల్ పట్టుకుని కూర్చున్నవాడి అలసట అందులో వినిపిస్తుంది. ఇరవై తీసేసినా 608 ఉంటుంది. రికార్డుకు వచ్చిన లోటేమీ లేదు.

ఎదుటి జట్టు ఏం చేసింది?

మొదటి ఇన్నింగ్స్‌లో 87, రెండో ఇన్నింగ్స్‌లో 61. క్లార్క్స్ హౌస్ ఇన్నింగ్స్ 688 పరుగుల తేడాతో గెలిచింది. బౌలింగ్‌లోనూ కాలిన్సే. మొదట 33 పరుగులకు 7 వికెట్లు, తర్వాత 30 పరుగులకు 4. దాదాపు ఏడు గంటలు బ్యాటింగ్ చేసిన పిల్లవాడు మళ్ళీ బంతి తీసుకుని పదకొండుమందిని ఔట్ చేశాడు.

అంతకు ముందు రికార్డు ఎవరిది?

ఇంగ్లాండ్ జట్టుకు కెప్టెన్‌గా కూడా ఆడిన ఆండ్రూ స్టాడర్ట్‌ది. 1886లో హ్యాంప్‌స్టెడ్ క్లబ్ తరఫున స్టోయిక్స్ అనే జట్టుమీద 485 కొట్టాడు. శుక్రవారం సాయంత్రం కాలిన్స్ దాటింది ఆ అంకెనే. విశేషమేమిటంటే, క్రికెట్‌లో 400 దాటిన మొదటి ఇన్నింగ్స్ కూడా ఈ క్లిఫ్టన్ బడిలోనే వచ్చింది. 1868లో ఎడ్వర్డ్ టైలకోట్ అనే విద్యార్థి 404 నాటౌట్ చేశాడు. ఒకే బడిలో ముప్పై ఏళ్ళ ఎడంలో రెండు ప్రపంచ రికార్డులు.

అదే వేసవిలో బయటి క్రికెట్‌లో ఏం జరుగుతోంది?

ఒక యుగం ముగిసి ఇంకొకటి మొదలవుతోంది. అదే జూన్ నెల మొదట్లో నాటింగ్‌హామ్‌లోని ట్రెంట్ బ్రిడ్జిలో ఆ కాలపు అతిపెద్ద క్రికెటర్, యాభై ఏళ్ళ డబ్ల్యు.జి. గ్రేస్ తన చివరి టెస్టు ఆడాడు. అదే మ్యాచ్‌లో, తర్వాతి కాలంలో పెద్ద పేరు తెచ్చుకున్న ఆస్ట్రేలియా బ్యాట్స్‌మన్ విక్టర్ ట్రంపర్, ఇంగ్లాండ్ బౌలర్ విల్‌ఫ్రెడ్ రోడ్స్ తమ తొలి టెస్టు ఆడారు. జూలైలో మేజర్ రాబర్ట్ పూర్ అనే సైనికాధికారి హ్యాంప్‌షైర్ తరఫున టాంటన్‌లో సోమర్సెట్ మీద 304 చేశాడు. అవతలి చివర నిలబడి 225 చేసిన టెడ్డీ విన్యార్డ్ కూడా సైనికాధికారే. ఇద్దరూ కలిసి ఆరో వికెట్‌కు 411 జోడించారు.

పూర్ పేరు ఇక్కడ ఊరికే తేలేదు. సైన్యంలో ఉంటూ పెద్ద క్రికెట్ ఆడటం అప్పట్లో సాధ్యమేనని అతను చూపించాడు. కాకపోతే అది సెలవుల మీద, ఏ ఊళ్ళో పోస్టింగ్ పడింది అన్నదాని మీద ఆధారపడిన క్రికెట్.

మరి కాలిన్స్ పెద్ద క్రికెటర్ ఎందుకు కాలేదు?

అందరికంటే ఎక్కువమంది అడిగే ప్రశ్న ఇది. అడిగే తీరులోనే ఏదో ఓడిపోయాడన్న భావం ఉంటుంది. దాన్ని నేను ఒప్పుకోను.

అతను బడిలో ఉన్నన్నాళ్ళూ మంచి ఆటగాడే. 1901, 1902లో బడి ప్రధాన జట్టుకు ఆడాడు. రగ్బీ ఆడాడు, రాకెట్స్ అనే గోడాట ఆడాడు, 1901లో బడుల మధ్య జరిగిన బాక్సింగ్ పోటీల్లో కంచు పతకం తెచ్చుకున్నాడు. పైస్థాయి పోటీలైన ఫస్ట్ క్లాస్ క్రికెట్ మాత్రం ఒక్క మ్యాచ్ కూడా ఆడలేదు. 1902లో సైనిక విద్యాలయంలో చేరిపోయాడు. ఆ తర్వాత అతని ఏడాదులు సైన్యానివి. ఇంగ్లాండ్ జిల్లాల జట్లు ఆడే కౌంటీ క్రికెట్ ఆడాలంటే వేసవి అంతా ఖాళీగా ఉండాలి. ఉద్యోగంలో కొత్తగా చేరిన కుర్ర అధికారికి ఆ వెసులుబాటు ఎక్కడిది? తల్లిదండ్రులు లేని పిల్లవాడు జీతం వచ్చే, గౌరవం ఉన్న దారి ఎంచుకున్నాడు.

పదమూడేళ్ళప్పుడు తెచ్చుకున్న పేరు జీవితాంతం వెంటే నడిచింది. ఏ మైదానంలో అడుగుపెట్టినా '628 కొట్టింది ఇతనే' అనే చూపులు. దాన్ని మోస్తూ మామూలు క్లబ్ మ్యాచ్‌లలో మామూలు స్కోర్లు చేస్తూ, ఆటను వదలకుండా ఆడాడు. నాకు అది చిన్న విషయంగా కనిపించదు.

కాలిన్స్‌ను 'అమెచ్యూర్' అంటారు. అంటే సరిగ్గా ఆడటం రానివాడనా?

కాదు కాదు. ఇప్పుడు ఆ మాటకు అలాంటి అర్థం పడింది గానీ, అప్పట్లో ఆటకు డబ్బు తీసుకోనివాడు అని అర్థం. ఇంగ్లాండ్ క్రికెట్‌లో రెండు కులాలుండేవంటే సరిపోతుంది. డబ్బు తీసుకోని పెద్దమనుషులు ఒకవైపు, కూలి తీసుకుని ఆడే వృత్తి ఆటగాళ్ళు ఇంకోవైపు. చాలా మైదానాల్లో బట్టలు మార్చుకునే గదులు వేరు, మైదానంలోకి వచ్చే గేట్లు వేరు. స్కోరు కార్డులో పేరు రాసే తీరు కూడా వేరు. అమెచ్యూర్‌కు ఇనీషియల్స్ ఇంటిపేరుకు ముందు వస్తాయి, వృత్తి ఆటగాడికి వెనక వస్తాయి. కాలిన్స్‌ను ఇవాళ్టికీ ఎ.ఇ.జె. కాలిన్స్ అని మూడు అక్షరాలతో పిలవడం ఆ అలవాటు మిగిల్చిన గుర్తే. ఈ తేడాను 1962లో ఎత్తేశారు. అప్పటిదాకా సైనికాధికారులు, లాయర్లు, జమీందారుల పిల్లలు ఒక గేటునుంచి, గని కార్మికుల ఇళ్ళనుంచి వచ్చిన బౌలర్లు ఇంకో గేటునుంచి వచ్చి ఒకే జట్టుకు ఆడేవాళ్ళు. ఆ అన్యాయాన్ని సంప్రదాయం అని ముద్దుగా చెప్పుకోవడం నాకు నచ్చదు.

సైన్యంలో ఇంజినీర్ల దళమే ఎందుకు?

అప్పట్లో అధికారులను తయారుచేసే చోట్లు రెండు. కాల్బలం, అశ్వదళం వాళ్ళకు శాండ్‌హర్స్ట్. ఫిరంగి దళం, ఇంజినీర్ల దళం వాళ్ళకు లండన్ పక్కనున్న వుల్విచ్. వుల్విచ్‌లో లెక్కలూ, సైన్సూ గట్టిగా రావాలి. మంచి ర్యాంకుతో బయటికొచ్చినవాళ్ళకే రాయల్ ఇంజినీర్స్‌లో చోటు దొరికేది. కాలిన్స్ 1904 డిసెంబరులో అక్కడ సెకండ్ లెఫ్టినెంట్ అయ్యాడు, 1907లో లెఫ్టినెంట్, చనిపోయేనాటికి కెప్టెన్. వంతెనలు కట్టడం, కందకాలు తవ్వించడం, ముళ్ళ కంచెలు వేయించడం, శత్రువు వాడుకోకుండా వంతెనలు కూల్చడం ఈ దళం పనులు. అవసరం పడితే పార పక్కన పెట్టి తుపాకీ పట్టాలి.

లండన్‌లోని పేరుమోసిన లార్డ్స్ మైదానంలో ఎప్పుడైనా ఆడాడా?

ఆడాడు. 1913లో రాయల్ ఇంజినీర్స్ జట్టు తరఫున ఫిరంగి దళమైన రాయల్ ఆర్టిలరీ మీద. సైన్యంలోని ఈ రెండు దళాల పోటీ లార్డ్స్‌లో జరిగేది. కాలిన్స్ మొదటి ఇన్నింగ్స్‌లో 58, రెండో ఇన్నింగ్స్‌లో 36 చేశాడు. పెద్దయ్యాక అతను ఆడిన ఆటల్లో చెప్పుకోదగ్గది ఇదే. అప్పటికి యుద్ధానికి ఏడాది ఉంది.

పెళ్ళయిందా?

1914 వసంతంలో ఎథెల్ స్లేటర్‌ను పెళ్ళి చేసుకున్నాడు. ఆగస్టులో యుద్ధం మొదలైంది.

ఎలా చనిపోయాడు?

1914 శరత్కాలంలో బెల్జియంలోని ఈప్ర్ పట్టణం చుట్టూ పెద్ద యుద్ధం జరిగింది. జర్మన్లు సముద్ర తీరాన ఉన్న ఓడరేవుల వైపు చొచ్చుకుపోవాలని చూస్తున్నారు. దారికి అడ్డంగా బ్రిటిష్, ఫ్రెంచ్, బెల్జియన్ సేనలు పలచగా నిలబడ్డాయి. నవంబరు 11న జర్మన్లు తమ ఆఖరి పెద్ద దెబ్బ కొట్టారు. ప్రష్యన్ గార్డ్ అనే పేరుమోసిన దళం బ్రిటిష్ వరసను ఒకచోట చీల్చుకుని అడవుల్లోకి దూసుకొచ్చింది. ఆ అడవుల్లో ఒకటి పాలిగన్ వుడ్.

ఆ చీలికను పూడ్చడానికి చేతిలో సైనికులు లేరు. వంటవాళ్ళు, గుమాస్తాలు, ఇంజినీర్లు అందరినీ ముందుకు తోశారు. కాలిన్స్ ఉన్న 5వ ఫీల్డ్ కంపెనీ ఇంజినీర్లు అలాగే కాల్బలంగా మారి బయొనెట్లతో పోరాడారు. ఈ ప్రాంతంలోని బ్రిటిష్ సేనలకు నాయకుడు డగ్లస్ హేగ్. అదే క్లిఫ్టన్ బడిలో చదివిన హేగ్.

తన కందకం పక్కభాగం తెరిచి ఉందని కాలిన్స్‌కు అర్థమైంది. అక్కడికి ఇంకొంతమంది కావాలని వెనకున్నవాళ్ళకు సైగ చేస్తూ ఉండగా గుండు తగిలింది. అక్కడే పోయాడు.

సరిగ్గా నాలుగేళ్ళకు, 1918లో అదే నవంబరు 11న యుద్ధం ఆగింది. అతని తమ్ముడు హెర్బర్ట్ కూడా ఆ ఆగిన రోజు చూడలేదు. 1917లో అతనూ యుద్ధంలోనే చనిపోయాడు.

ఆ రికార్డును ఎవరు దాటారు?

2016 జనవరి 4, 5 తేదీల్లో ముంబై దగ్గరి కల్యాణ్‌లో ప్రణవ్ ధనావడే. వయసు పదిహేను, తండ్రి ఆటో నడిపేవాడు. భండారీ కప్ అనే బడుల పోటీలో కె.సి. గాంధీ స్కూల్ తరఫున ఆర్య గురుకుల్ మీద 327 బంతుల్లో 1009 నాటౌట్. 129 ఫోర్లు, 59 సిక్సర్లు. జట్టు 3 వికెట్లకు 1465 దగ్గర డిక్లేర్ చేసింది. ఆర్య గురుకుల్ 31, 52 పరుగులకు ఆలౌట్ అయింది.

ఆ రోజు మన టీవీ ఛానళ్ళలో కాలిన్స్ పేరు ఒక్క వాక్యంలో వచ్చి వెళ్ళింది. రెండు ఇన్నింగ్స్‌లనూ పక్కపక్కన పెట్టి ఎవరు గొప్ప అని తూచడం వల్ల ప్రయోజనం లేదు. ప్రణవ్ స్కోరులో 870 పరుగులు బౌండరీలవే. కాలిన్స్ స్కోరులో ఫోర్లూ సిక్సరూ కలిపి 130. మైదానాలు వేరు, నియమాలు వేరు, బ్యాట్లు వేరు. రెండు చోట్లా ఒకటే కనిపిస్తుంది: బాగా ఆడే ఒక పిల్లవాడు, అవతల అలసిపోయిన పిల్లలు. ఆర్య గురుకుల్ పిల్లలూ, నార్త్ టౌన్ పిల్లలూ చివరిదాకా మైదానం వదలకుండా బంతి వెంట పరిగెత్తారు. వాళ్ళ పేర్లు కూడా ఎవరైనా తలుచుకుంటే బాగుంటుంది.

మన తెలుగు నేలమీద ఇలాంటి భారీ స్కోరు ఏదైనా ఉందా?

బడి క్రికెట్ కాదు గానీ, రంజీలో ఉంది. 1994 జనవరిలో సికింద్రాబాద్ జింఖానా మైదానంలో ఆంధ్ర మీద హైదరాబాద్ 6 వికెట్లకు 944 చేసింది. ఎం.వి. శ్రీధర్ 366, వివేక్ జయసింహ 211, నోయెల్ డేవిడ్ 207 నాటౌట్. ఆంధ్ర బౌలర్ల చేతులు ఎంత లాగి ఉంటాయో!

సైన్యం హోదా ఉన్న తెలుగు క్రికెటర్ ఎవరైనా ఉన్నారా అని కూడా కొందరు అడుగుతారు. నాగపూర్‌లో తెలుగు కుటుంబంలో పుట్టిన సి.కె. నాయుడు పేరు ముందు 'కల్నల్' ఉండేది. హోల్కర్ సంస్థానపు సైన్యంలో హోదా అది. 1932లో లార్డ్స్‌లో భారత్ ఆడిన తొలి టెస్టుకు ఆయనే కెప్టెన్. రాజుల ఆదరణతో వచ్చిన ఆ హోదాకూ, కందకంలో నిలబడిన కాలిన్స్ హోదాకూ పోలిక లేదనుకోండి. ఇద్దరినీ ఇనీషియల్స్‌తో పిలవడం మాత్రం ఒక్కటే.

కాలిన్స్ సమాధి ఎక్కడుంది?

సమాధి లేదు. మృతదేహం దొరకలేదు. ఆ అడవుల్లో మరో నాలుగేళ్ళు ఫిరంగులు పేలుతూనే ఉన్నాయి, చెట్లతో సహా అన్నీ బురదలో కలిసిపోయాయి.

అలా దొరకనివాళ్ళ కోసం ఈప్ర్ ఊరి తూర్పు ద్వారం దగ్గర మెనిన్ గేట్ అనే పెద్ద కమాను కట్టారు. 1927 జూలై 24న దాన్ని ఆవిష్కరించారు. లోపలి గోడల నిండా 54 వేలకు పైగా పేర్లు చెక్కి ఉంటాయి. రాయల్ ఇంజినీర్స్ వరసలో కాలిన్స్ పేరు ఉంది, మామూలుగా అందరి పేర్లలాగే. పక్కన 628 అని ఎక్కడా ఉండదు. ఆ గోడల మీద భారత సైనికుల పేర్లు కూడా ఉన్నాయి. 1914 అక్టోబరులోనే మన సేనలు ఆ రంగానికి చేరాయి, వాళ్ళలో చాలామంది అక్కడే ఉండిపోయారు. హజారీబాగ్‌లో పుట్టిన ఇంగ్లీషు కుర్రాడి పేరూ, వాళ్ళ పేర్లూ ఒకే కప్పు కింద ఉన్నాయి.

రోజూ రాత్రి ఎనిమిది గంటలకు ఆ కమాను కింద రాకపోకలు ఆపేస్తారు. ఊరి అగ్నిమాపక దళానికి చెందిన బ్యూగిల్ వాద్యకారులు రోడ్డు మధ్యకు వచ్చి, చనిపోయిన సైనికుల కోసం ఊదే 'లాస్ట్ పోస్ట్' ఊదుతారు. కొన్ని నిమిషాల తర్వాత బండ్లు మళ్ళీ కదులుతాయి.